పది మెట్లు, ఒక తలుపు

ఆ క్యాసెట్ అట్ట మీద ఒక మక్క చేను ఉంటుంది. చేను నడుమ కర్ర మెట్లు. ఇల్లు లేదు, గోడ లేదు, ఉత్త మెట్లే. పది మెట్లెక్కితే పైన ఒక తలుపు, తలుపు వెనకాల ఆకాశం. ఆ ఆకాశం కూడా నీలంగా ఉండదు, తోమకుండా వదిలేసిన రాగి చెంబులా పచ్చగా చిలుము పట్టి ఉంటుంది. ఇల్లు లేవకముందే మెట్లు కట్టిన ఈ మేస్త్రీ ఎవడురా అని మొదటిసారి చూసినప్పుడు నవ్వుకున్నాను. అది కట్టకముందు తీసిన ఫోటో కాదనీ, కూలగొట్టాక తీసిందనీ అప్పటికి నాకు తెలియదు.

దోహాకు అవతల ఎడారిలో, దుఖాన్‌లో, చమురు కంపెనీ క్వార్టర్లకు నేను ఏసీ మెకానిక్కుని. ఎడారిలో ఏసీ మెకానిక్కంటే సగం డాక్టరు, సగం దేవుడు. ఏ తలుపైనా తెరుచుకుంటుంది, ఏ ఇంట్లోనైనా చల్లటి నీళ్ళు దొరుకుతాయి. అలా తెరుచుకున్న తలుపుల్లో ఒకటి ఒక ముసలి అమెరికావాడిది. చమురు బావుల ఇంజనీరు. వయసులో వచ్చాడు, నడుమ ఎటో పోయాడు, మళ్ళీ వచ్చి ఇక్కడే ముసలివాడయ్యాడు. ఆయన ఏసీ నెలకోసారి ఆగిపోయేది. మూత విప్పితే లోపల ఎప్పుడూ ఒకటే రోగం, ఎవరో చేత్తో లాగేసిన వైరు. లాగింది ఎవరో నాకూ తెలుసు, ఆయనకూ తెలుసు. వైరు తగిలించడానికి రెండు నిమిషాలు. ఆ తర్వాత కుర్చీ చూపించి, "బైఠో. బాయీస్ మినిట్. హిల్నా నై" అనేవాడు.

ఇరవై రెండు నిమిషాలు కదలకుండా కూర్చుని ఆ క్యాసెట్ వినాలి. అదీ నా అసలు డ్యూటీ.

నా ఇంగ్లీషూ ఆయన హిందీ రెండూ కుంటివే. ఒకదాని భుజం మీద ఒకటి చెయ్యి వేసుకుని నడిచేవి. అలా నడిచినంత దూరంలో నాకు అర్థమైంది ఇది. ఆ పాట వాయించిన నలుగురూ ఆయన ఊరివాళ్ళు. మక్క చేన్లు తప్ప ఇంకేమీ లేని ఊరు. ఈయన వాళ్ళ వైర్లు మోసేవాడు, టేపు తిప్పేవాడు. ఆ రోజుల్లో అలాంటి పాటకు ఇంకా పేరే పెట్టలేదట. ప్రోగ్రెసివ్ రాక్ అనే మాట వాళ్ళ చెవిన పడేసరికి వాళ్ళు వాయించడమే మానేశారట. గిటారు వాళ్ళు విని ఇది చర్చి పాట అన్నారు, చర్చి వాళ్ళు విని ఇది సైతాను పాట అన్నారు. ఒక వైపంతా ఒకటే పాట ఉంటే రేడియోలో ఎవరు వేస్తారు? ఒక్క ఆల్బమ్ చేసి నలుగురూ నాలుగు దారులు పట్టారు.

పాట ఎలా ఉంటుందంటే, మొదట ఒక ఆర్గాన్. ఖాళీ ఇంట్లో ఫ్రిజ్ మూలిగినట్టు, ఉందో లేదో తెలియకుండా మొదలవుతుంది. దాని మీదికి ఫ్లూటు వస్తుంది. తర్వాత డ్రమ్ము. ఆ డ్రమ్ము నాలుగు దెబ్బల్లో తిరగదు, ఏడు దెబ్బలు. తకిట తకధిమి, తకిట తకధిమి. ఒగ్గు కథలు విని పెరిగినవాణ్ణి, అమెరికావాళ్ళకు నాలుగు దాటి లెక్క రాదనుకున్నాను. ఆ ఏడు తిరిగి తిరిగి, గిటారు దాన్ని తరిమి తరిమి, ఇక ఏదో విరుగుతుందనుకున్న చోట అన్నీ ఒక్కసారే ఆగిపోతాయి. క్యాసెట్ అయిపోయిందని లేవబోతాం. అప్పుడు, కర్ర మెట్ల మీద అడుగులు. ఎవరో తొందర లేకుండా ఎక్కుతుంటారు. ఒక అడుగు మెల్లగా, ఒక అడుగు బరువుగా. పది అడుగులు. తలుపు మూసుకున్న చప్పుడు. ఆ తలుపు అవతలి నుంచి, దూరంగా, మళ్ళీ ఆర్గాన్.

"ఆ మెట్లెక్కింది ఎవరు సార్?" అని ఒకసారి అడిగాను.

ఆయన టేపు ఆపాడు. డ్రమ్ము వాయించేవాడి నాయనమ్మ ఇంట్లో రికార్డు చేశారట. ముసలమ్మ పోయింది, మర్నాడు ఇల్లు కూలగొట్టి అక్కడ కూడా మక్కలు వేస్తారు. నలుగురూ కింద గదిలో ఉన్నారు. టేపు దగ్గర ఈయన, ఈయనా కిందే. ఇంట్లో మొత్తం అయిదుగురే. "అదే గొడవ. నువ్వెక్కావంటే నువ్వెక్కావని కొట్టుకున్నారు. బ్యాండు అక్కడే విరిగింది" అన్నాడు.

నాలా కోతలు కోసేవాడికి తోటి కోతగాడు వాసనతోనే తెలుస్తాడు. ఈయన దగ్గర ఆ వాసన రాలేదు. నాకు నచ్చనిది అదే.

పోయిన ఏడాది ఆయన సామాను సర్దుకుని వాళ్ళ దేశం పోయాడు. పోతూ ఒక అట్టపెట్టె నా చేతిలో పెట్టాడు. నిండా క్యాసెట్లు. అందులో అచ్చు అట్టతో మెట్ల క్యాసెట్టూ ఉంది, అదే పేరు పెన్నుతో రాసుకున్న ఇంకో క్యాసెట్టూ ఉంది. కారులో వినడానికి నకలు తీసుకున్నాడేమో, అదే పాట కదా అని ఆ రెండోదాన్ని నేను ఎన్నడూ వినలేదు. వినలేదు గానీ, ఊరికే ఉంచనూ లేదు. క్యాసెట్ వీపున రెండు చిన్న రెక్కలుంటాయి. అవి విరిచేస్తే దాని మీద ఇంకేమీ రికార్డు కాదు. ఆ క్యాసెట్‌కు ఎవరో విరిచేశారు. నేను ఆ గుంటల్లో కాగితం ఉండలు కుక్కి, మా క్యాంపు వాచ్‌మన్‌ను బెదిరించాలని రెండు నిమిషాలు దయ్యంలా మూలిగి రికార్డు చేశాను. వాచ్‌మన్ బీహారీ. దయ్యాన్ని సాంతం విని, "భయ్యా, పేట్ మే దర్ద్ హై క్యా?" అని గుప్పెడు వాము ఇచ్చాడు. క్యాసెట్టును మంచం కింద పారేసి మర్చిపోయాను.

ఈ ఎండాకాలం ఆ అమెరికావాడి క్వార్టరుకు రంగు వేయడానికి ఒక పెయింటర్ వచ్చాడు. సిరిసిల్ల దిక్కు మనిషి, నలభైకి దగ్గర. మాటలు తక్కువ. మాటలు తక్కువైనవాణ్ణి చూస్తే నా చెయ్యి ఊరుకోదు. ఇల్లంతా ఖాళీ, కరెంటు తీసేశారు, మధ్యాహ్నం పూట బయట పిల్లి కూడా లేదు. బ్యాటరీల టేప్‌రికార్డర్లో మెట్ల క్యాసెట్ పెట్టి, హాల్లో ఏసీ గాలి పీల్చుకునే జాలీ వెనక దాచి, మీట నొక్కి వచ్చి, వెనక కిటికీ కింద కూర్చున్నాను.

ఆర్గాన్ మొదలైంది. లోపల గోడ మీద రోలరు తిరుగుతున్న చప్పుడు ఆగింది. నేను నోట్లో తువ్వాలు కుక్కుకున్నాను. ఇప్పుడు అరుస్తాడు, ఇప్పుడు ఉరుకుతాడు.

అరవలేదు. కూనిరాగం వినపడింది.

క్యాసెట్లోదే అనుకున్నాను మొదట. కాదు, మనిషి గొంతే. ఫ్లూటు కంటే ఒక్క అడుగు ముందు నడుస్తోంది. ఫ్లూటు ఎక్కడ మలుపు తిరగబోతుందో ఆ గొంతు ముందే అక్కడికి పోయి నిలబడుతోంది. అమెరికాలో ఒక మక్క చేన్ల ఊరివాళ్ళకు, ఈ ముసలాయనకు, నాకు తప్ప ఎవరికీ తెలియని పాట. సిరిసిల్ల పెయింటరు దాన్ని మంగళహారతి పాడినంత తేలిగ్గా పాడుతున్నాడు. పాట ఆగే చోట ఆగాడు. నిశ్శబ్దం. అందులోంచి మెల్లగా "ఒకటి" అన్నాడు. తర్వాత మెట్టు మోగింది. "రెండు" అన్నాడు. మెట్టు మోగింది. పది దాకా అలాగే, ప్రతి అంకె అడుగుకు ముందే. ఆ పైన, చంటిపిల్లను జోకొట్టే గొంతుతో, "అయ్యచ్చిండు. ఇగ పండు" అన్నాడు.

అప్పుడు తలుపు మూసుకుంది.

దుఖాన్ ఎడారిలో రెండు తలల ఉడుమును చూశానని ఊరంతా నమ్మించినవాణ్ణి, ఆ రోజు కిటికీ కింద కూర్చున్న చోటు నుంచి లేవలేకపోయాను. వాడే బయటికి వచ్చాడు. మోచేతుల దాకా తెల్ల రంగు. చేతిలో నా టేప్‌రికార్డరు.

"అన్నా, మా అయ్య క్యాసెట్ గీ ఇంట్లకెట్లచ్చింది?"

ఆ క్వార్టరు గుమ్మంలో కూర్చుని, ఒకే సీసా నీళ్ళు చెరిసగం తాగుతూ వాడు చెప్పింది ఇది.

వాడి నాన్న వాడు పుట్టకముందే ఇక్కడికి వచ్చాడు. ఊరివాళ్ళు ఇప్పటికీ దుబాయ్ అనే అంటారు, కానీ వచ్చింది దుఖాన్‌కే. ఒక తెల్ల సాబు ఇంట్లో చెట్లకు నీళ్ళు పోయడం, ఇల్లు ఊడవడం. ఆ కాలంలో అక్షరం రానివాళ్ళ ఉత్తరం క్యాసెట్టే. చెప్పాల్సింది టేప్‌రికార్డరుకు చెప్పి, చెరిగిపోకుండా రెక్కలు విరిచి, ఊరికి పోయే మనిషి చేతికి ఇచ్చి పంపేవాళ్ళు. అలా వాళ్ళ ఊరికి నాన్న మొదటి క్యాసెట్ వచ్చింది. ఊళ్ళో టేప్‌రికార్డరు ఒక్క కల్లు దుకాణంలోనే ఉంది. వాడి అమ్మ, కడుపుతో ఉన్న మనిషి, పోయి ముందు వరసలో కూర్చుంది. ఊరంతా వచ్చింది. మీట నొక్కారు.

"గీ పాట మొదలైందన్నా. అందరు ఒకల మొకం ఒకలు చూసుకున్నరట. ఒకాయన అన్నడట, దుబాయ్‌ల గిట్లనే మాట్లాడుతరేమోనే అని. మా నాయినమ్మ అయితె మన్ను వోసింది, నా కొడుక్కేదో పట్టింది, గది వాని నోట్లకెల్లి ఒర్రుతున్నది అని. మా అవ్వ ఏం అనలే. అడుగులు ఇనవడంగనే లేచి నిలవడ్డదట. గవి ఆయన అడుగులే, కుడికాలు గట్టిగేస్తడు, అన్నదట."

ఇరవై రోజులకు మనిషి బదులు పెట్టె వచ్చింది. జ్వరమన్నారు. ఎండాకాలం, దూరం, తెరవొద్దన్నారు. తెరవకుండానే కాల్చారు. అమ్మ మొగుడి మొహం చూడలేదు. అడుగులు మాత్రం ఆమె దగ్గర ఉన్నాయి. పెట్టెతో పాటు ఆయన సామాన్లో ఒక చిన్న టేప్‌రికార్డరు వచ్చింది. రోజూ దీపం పెట్టే వేళకు ఆమె ఆ క్యాసెట్ పెట్టుకుని బీడీలు చుట్టేది. ఆకు, పొగాకు, చుట్టు, పై మడుపు, కింది మడుపు, దారం, ముడి: ఒక బీడీకి ఏడు దెబ్బలు. చేటంతా ఆ తాళంలోనే నిండేది. ఒడిలో వీడు. మెట్లు అయిపోయి తలుపు మూసుకోబోతుంటే, అయ్యచ్చిండు ఇగ పండు అని జోకొట్టేది. వీడు పడుకునేవాడు.

"మరి ఆ క్యాసెట్ ఇప్పుడెక్కడ?"

వాడు రంగు డబ్బా మూతను చాలాసేపు నొక్కుతూ కూర్చున్నాడు. "నేనే కరాబు చేసిన. తొమ్మిదేండ్లుంటయి నాకు. మక్క చేన్ల చిల్కలు వడుతున్నయని అందరు టేపు గట్టిండ్రు. నేను గూడ లోపలిదంత గుంజి చేను సుట్టు గట్టిన."

మా వైపు చేన్లలో అలా కడతారు. పాత టేపు గాలికి వణికితే జుయ్యిమని మోగుతుంది, పిట్టలు బెదురుతాయి.

"అవ్వ తిట్టలే. ఒక్క మాటనలే. గాలి లేసినప్పుడల్ల పోయి చేను ఒడ్డుకు కూసునేది. మక్కలిరిసినంక గూడ టేపు తెంపనియ్యలే, గదే తెగి తెగి పోయింది. ఎన్కటికెల్లి గీ పాట కోసం ఎతుకుతున్ననన్నా. ఫోన్‌ల పాడి సూపిచ్చిన, ఎవ్వనికి ఎర్కలే. పేరే తెల్వనిది ఏమని అడుగుతం? గందుకే దుఖాన్ పని అంటె ఒప్పుకున్న. అవ్వకు డెబ్బై దగ్గరవడ్డయ్. చెడగొట్టింది నేను. ఒక్కసారి తిరిగి ఇనిపియ్యాలె, అంతే."

అట్ట తీసి వాడికి చూపించాను. వాడి అమ్మకు వచ్చిన దానికి అట్ట లేదు, ఉత్త డబ్బా. వాడు మక్క చేను నడుమ మెట్లను చూశాడు. బొటనవేలితో చేనును ఒకసారి నిమిరాడు. రంగు అంటుకుంది.

అప్పుడు నా బుర్రలో ఒక వైరు తగిలింది. పాట ఊరికి పోయిందంటే, ఆయన మాట్లాడిన ఉత్తరం ఎటు పోయినట్టు? ఆ తెల్ల సాబు మా ముసలాయనే అయి ఉండాలి. సాబు ఇంట్లో ఒక్క తీరు డబ్బాలు రెండు. ఒకదాంట్లో సాబు నకలు తీసుకున్న పాట, ఒకదాంట్లో ఉత్తరం. అప్పటికి దేని మీదా పేరు రాసి లేదు. తప్పు డబ్బా ఊరికి పంపాడు. ఉత్తరం ఉన్నది సాబు అలమారలోనే మిగిలింది, తన నకలే అనుకుని సాబు దాని మీద పాట పేరు రాసుకున్నాడు.

నా మంచం కింద ఉంది. నా మూలుగుతో.

వాడికి సగమే చెప్పాను. "మీ అయ్య గొంతు దొరకొచ్చు తమ్మీ. శుక్రవారం దాకా ఆగు, అవ్వకు రెండూ ఒక్కసారే వినిపిద్దాం" అన్నాను. రూముకు పోయి ఆ క్యాసెట్ బయటికి తీశాను. డబ్బా మూత లోపలి వైపు, ఇదివరకు జంగు మరక అనుకున్నది, వేలితో గీకి వాసన చూస్తే కుంకుమ. నేను కుక్కిన కాగితం ఉండలు ఇంకా అక్కడే ఉన్నాయి. చెరిగిపోకూడదనే కదా ఆయన ఆ రెక్కలు విరిచాడు. అబద్ధాలతో ఎవరి ఆస్తీ తరగలేదు అని నేను చాలాసార్లు అని ఉన్నాను.

శుక్రవారం బస్సులో దోహా పోయాం. ఉమ్ ఘువైలినా అనే పేటలో నిజామాబాద్ భాయ్ ఒకడు ఫోన్లు బాగుచేసే దుకాణం పెట్టుకున్నాడు. పాత మోజుతో ఒక మంచి క్యాసెట్ డెక్కు కూడా ఉంచుకున్నాడు. నా టేప్‌రికార్డరు టేపును నమిలేస్తుంది, ఈ పనికి దాన్ని నమ్మలేదు. జుమ్మా నమాజు అయ్యాక భాయ్ షట్టర్ సగం ఎత్తి మమ్మల్ని లోపలికి పిలిచాడు.

"క్యా మియా, ఆజ్ కౌన్సా ఝూట్ లాయే?"

"ఈసారి నిజం తెచ్చిన భాయ్."

"అయితె ఇంక డేంజర్" అని క్యాసెట్ అందుకున్నాడు. అయిదు స్క్రూలు విప్పి, టేపు చుట్టలను రెండు వేళ్ళతో పట్టి కొత్త డొక్కులోకి మార్చి, పెన్సిల్ పెట్టి తిప్పాడు. తిప్పుతూ చెప్పాడు. "గిన్నేండ్లు టేపు సుట్ట మీద సుట్ట అట్లనే పడి ఉంటె, ఒక సుట్టల ఉన్న మాట పక్క సుట్టకంటుతది. మాట కంటె ముందు దాని నీడ ఇనవడుతది. బయపడకుండ్రి."

డెక్కులో పెట్టాడు. మీట నొక్కాడు.

"ఊఁ... హూఁ..." అని నేను మూలిగాను. రెండు నిమిషాలు. ఆ దుకాణంలో, భాయ్ ముందర, వాడి ముందర, నా గొంతు నేనే విన్నాను.

పెయింటర్ కుర్చీలోంచి లేచాడు. "గిది నువ్వే గదన్నా."

"తమ్మీ, విను, ముందర నేను తెలవక..."

నా కాలరు వాడి పిడికిట్లో ఉంది. "మా అయ్యతోటి గూడ మజాక్ చేస్తవా?"

అప్పుడు మూలుగు టక్కున తెగి, ఒక వాక్యం నడుమ నుంచి, మగగొంతు ఒకటి మాట్లాడటం మొదలుపెట్టింది. "...ఇస్తనన్నడు. ఇయ్యకున్న మంచిదే. సాబు మంచోడు గని పిస్స. పొద్దుమూకి ఒక్కటే పాట. గిప్పుడు గూడ పక్క రూంల పెట్టుకున్నడు, ఇనవడుతుందా?" ఆ గొంతు ఆగిన చోట, నిజంగానే, గోడ అవతల ఆర్గాన్. ప్రతి మాటకు ముందు అదే మాట గుసగుసగా ఒకసారి వచ్చి, తర్వాత అసలు మాట వచ్చేది. ఒకే మనిషి తనను తాను అడిగి మాట్లాడుతున్నట్టు.

వాడి పిడికిలి వదులైంది. కానీ నమ్మలేదు. "గిది గూడ నువ్వే చేసినవ్. ఎవ్వల గొంతైన దింపుతవ్ నువ్వు. సైటుల అందరు అంటరు."

ఇరవై ఏళ్ళుగా నేను సంపాదించుకున్న పేరు అది. భాయ్ టేపు ఆపి నా మొహం చూసి, వాడి మొహం చూసి, "కొడుకుకు తెల్వది. దోస్తును నమ్మలేం. ఇగ ఒక్కలే ఉన్నరు" అని వాడి జేబులో ఉన్న ఫోన్ వైపు చూశాడు.

వాడు ఫోన్ తీసి చాలాసేపు చేతిలోనే పట్టుకున్నాడు. నాన్న గొంతు కాకపోతే ఏమవుతుందో వాడికి తెలుసు. ఒకసారి ఆమె దగ్గరున్నది తెంపి చేనుకు కట్టినవాడు, ఇప్పుడు దొంగ గొంతు తెచ్చి చెవిలో పెట్టినవాడవుతాడు. చివరికి కలిపాడు. ఇక్కడ రెండున్నర, అక్కడ అయిదు. ఫోన్లో బీడీ ఆకు కత్తిరిస్తున్న చప్పుడు.

"అవ్వా, ఒకటి ఇనిపిస్త. ఎవలో చెప్పు."

"ఎవల్రా, పనిల లేవా నువ్వు? తిన్నవా?"

"ముందుగాల ఇను."

భాయ్ టేపును నా మూలుగు దాటించి పెట్టాడు. "...ఇస్తనన్నడు" అంది గొంతు. కత్తెర ఆగింది. గొంతు సాబు గురించి చెప్పింది, ఎండల గురించి చెప్పింది. "గీ డబ్బాలు రెండు ఒక్క తీర్గున్నయ్. గందుకే నీ దానికి కుంకుమ బొట్టు వెట్టిన, మారిపోవద్దని" అని కూడా చెప్పింది. బొట్టు మూత లోపల పెట్టాడు. మూత వేస్తే కనపడదని తట్టలేదు.

"నీ కాళ్ళవాపు తగ్గిందా?" అని అడిగింది గొంతు.

"తగ్గింది" అంది ఆమె.

ముగ్గురం ఒకరినొకరు చూసుకున్నాం.

"పెరట్ల బీరతీగె పారిందా?"

"పారింది. పందిరి సాలక గోడెక్కింది."

"మీ అన్నచ్చి పోయిండా?"

"అచ్చిండు. రెండొద్దులుండి పోయిండు." మొన్న జరిగినట్టు చెబుతోంది. ఆమె గొంతులో ముసలితనం ఒక్కో జవాబుకూ తగ్గుతోంది. ఇది నేను కలిపింది కాదు, కావాలంటే భాయ్‌ని అడగండి. ఆ తర్వాత టేపులో కొంచెం ఖాళీ వచ్చింది. ఆయన దేనికో తడుముకుంటున్నాడు. పక్క గదిలో ఆర్గాన్. అప్పుడు ఫోన్లోంచి ఆమె,

"ఏసుకుంటలేను. నువ్వస్తవని ఏసుకుంటలేను" అంది.

ఒక క్షణం గడిచింది. టేపులోని గొంతు, "రాత్రిపూట తలుపు గొళ్ళెం ఏసుకుంటున్నవా?" అని అడిగింది.

నేను భాయ్ మొహం చూశాను. నీడ, మాటకు ముందు నీడ వినపడుతుందని వాడే చెప్పాడు. భాయ్ తల అడ్డంగా ఊపాడు. ఈ గదిలో చెవి ఆనించి కూర్చున్న మాకే ఆ మాట నీడ వినపడలేదు. ఫోన్లో, సముద్రం అవతల, డెబ్బై ఏళ్ళ మనిషికి ఎలా వినపడుతుంది?

"ఇగ క్యాసెట్ అయిపోతుంది. పైలం" అంది గొంతు. టక్కుమంది. మిగతాదంతా ఖాళీ టేపు.

పెయింటర్ ఫోన్‌ను రెండు చేతులతో పట్టుకున్నాడు. "అవ్వా. అయ్యేనా?"

"ఆయన గాకుంటె ఎవరు?" అంది. "నేను గొంతు మరిసిన కొడుకా. అడుగులొక్కటే యాదికున్నయ్. గిప్పుడు గొంతు యాదికచ్చింది." కాసేపాగి అడిగింది. "ముందుగాల ఏదో చెప్పిండు గద. అది లేదా?"

వాడు నా వైపు చూశాడు. చెప్పేస్తాడనుకున్నాను. "లేదవ్వా. ఎవలో తెలవక చెరిపిండ్రు" అన్నాడు. ఆ రెండు నిమిషాల్లో ఆయన ఏం చెప్పాడో, ఆమెను ఏమని పిలిచి మొదలుపెట్టాడో, ఇక ఈ లోకంలో ఎవరికీ తెలియదు. ఆ చోట నేను మూలుగుతూ ఉంటాను.

"పోనియ్" అంది. "ఇగ గది పెట్టు."

"ఏదవ్వా?"

"గదే, నువ్వు పోగొట్టిందే. దొరికిందనే గద ఫోన్ చేసినవ్? గిండ్ల మాట్లాడుతుండు గని నడుస్తలేడు."

దొరికిందని ఆమెకు మేమెవరం చెప్పలేదు.

భాయ్ మెట్ల క్యాసెట్ పెట్టాడు. ఆర్గాన్ మొదలైంది. ఫ్లూటు వచ్చింది. ఫోన్లో కత్తెర పక్కన పెట్టిన చప్పుడు, తర్వాత చేట మీద వేళ్ళు, తకిట తకధిమి, తకిట తకధిమి, డ్రమ్ముకు ఒక్క దెబ్బ కూడా తప్పకుండా. అమెరికాలో కూలిపోయిన ఇంట్లో నలుగురు కుర్రాళ్ళు, సిరిసిల్ల దిక్కు గుమ్మంలో ఈమె, ఆ పదిహేను నిమిషాలు కలిసి వాయించారు. పాట ఆగే చోట వేళ్ళూ ఆగాయి.

నిశ్శబ్దం.

మెట్టు. ఈసారి నేను చెవులు పెట్టి విన్నాను. ఒకటి మెల్లగా, ఒకటి బరువుగా. కుడికాలు గట్టిగా వేసే మనిషి. నాలుగు. అయిదు. పెయింటర్ పెదాలు కదులుతున్నాయి, గొంతు రావడం లేదు. ఏడు. ఎనిమిది. భాయ్ తనకు తెలియకుండానే తల మీది టోపీ సర్దుకున్నాడు. పది.

"అయ్యచ్చిండు" అంది ఫోన్. "ఇగ పండు కొడుకా."

తలుపు మూసుకుంది.

వాడు విరిగిన ఫోన్ల నడుమ చేతులు మడిచి, బల్ల మీద తల వాల్చి కళ్ళు మూసుకున్నాడు. గోళ్ళ సందుల్లో ఇంకా తెల్ల రంగు ఉంది. దూరంగా, తలుపు అవతలి నుంచి, ఆర్గాన్ మోగుతూనే ఉంది. వాడి వీపు ఒకసారి పైకి లేచి నెమ్మదిగా కిందికి దిగింది. ఫోన్ కలిసే ఉంది.

షట్టర్ కింద నుంచి ఎవరో వంగి, స్క్రీను పగిలిన ఫోనొకటి లోపలికి చాపాడు. భాయ్ పెదాల మీద వేలు పెట్టుకుని, ఇప్పుడు కాదని చెయ్యి ఊపి, బల్ల మీద పడుకున్నవాణ్ణి చూపించాడు.

"అభీ మాఫీ. బాద్ మే ఆనా. సో గయా."